మన షనాఖ్త్ ఎవరి దగ్గర అమానత్?

మొన్న మా ఖాలా ఇంటి రిజిస్ట్రీ కాగితాలు తిరగేస్తుంటే ఫోటో పక్కనే ఆమె వేలిముద్రలు కనిపించాయి. గుండె ఝల్లుమంది. 2018లో పెద్దపల్లి జిల్లాలో ఒక సిమ్ కార్డుల దుకాణదారు చేసిన పని యాదికొచ్చింది. రిజిస్ట్రేషన్ శాఖ వెబ్‌సైట్ నుంచి దస్తావేజులు దించుకుని, వాటిలోని ముద్రలతో రబ్బరు వేళ్లు తయారుచేసి, వేల సిమ్‌లు చాలూ చేశాడు. ఎందుకు? అమ్మకాల టార్గెట్ కోసం!

ఇదీ ఈ చోరీ హిసాబ్. దొంగకు ఖర్చు రబ్బరు ముక్క. కాగితం బయటపెట్టినవాళ్ల జేబులోంచి పైసా పోదు. నుక్సాన్ అంతా వేలు గలవాడిదే. పాస్‌వర్డ్ పోతే మార్చుకుంటాం, వేలు మార్చుకోగలమా?

"హోషియార్‌గా ఉండండి" అని గరీబులకు నసీహత్ చెప్పడం ఆసాన్. నేనూ చేయగలిగింది చేశాను. ఖాలా ఆధార్ బయోమెట్రిక్‌కు తాళం వేశాను. జిరాక్స్ అడిగినచోట మొదటి ఎనిమిది అంకెలు దాచిన ఆధారే ఇస్తున్నాం. ఖాతాలో డబ్బు పోతే వెంటనే 1930కి ఫోన్ చేయాలని, మూడు పనిదినాల్లోపే బ్యాంకుకు చెప్పాలని గోడ మీద రాసిపెట్టాను. కానీ రేషన్‌కు వేలు పెట్టాల్సిన రోజు ఆ తాళం ఎవరు తీయాలి? ఆమె దగ్గర స్మార్ట్‌ఫోన్ లేదు.

అందుకే అంటున్నా దోస్తులారా, జిమ్మేదారీ అంతా ఖాలా మీద వేయడం ఇన్సాఫ్ కాదు. మన కాగితం తీసుకున్న ప్రతి దఫ్తర్, ప్రతి కంపెనీ దాన్ని అమానత్‌గా కాపాడాలి. ఖయానత్ జరిగితే నుక్సాన్ వాళ్లే భరించాలి. సొంత జేబుకు చిల్లు పడుతుందంటే తాళాలు వాళ్లే వేస్తారు.