పడవకు చలిమందు

ఓరుగల్లువాడికి పడవల చలిబాధతో ఏమి పని అని మీరడగవచ్చు. న్యాయమైన ప్రశ్నే. మా పాకాల చెరువు కాకతీయుల నాటి నుండి నిండుతూ తగ్గుతూ ఉన్నదే గాని, ఏ పుష్యమాసంలోనూ గడ్డకట్టిన పాపాన పోలేదు.

అయితే కొన్నేళ్ల క్రితం ఒక అక్టోబరు నెల మిన్నెసోటాలో మా మేనల్లుడి ఇంట గడిపాను. అక్కడ చలికాలంలో సరస్సుల మీద మనుషులు నడుస్తారు. వాడి మరపడవ సరస్సు నీటినే పీల్చి ఇంజనును చల్లబరచుకొనే రకం. నీరు గడ్డకడితే సుమారు 9 శాతం ఉబ్బుతుంది; ఇంజను లోపల ఆ ఉబ్బుకు చోటులేక పోత ఇనుము పగులుతుంది. కనుక ముందుగానే నీటిని పూర్తిగా దింపివేసి యాంటీఫ్రీజ్ పట్టించాలి. నీరు మిగిలితే మందు పలచబడి వ్రతం చెడుతుంది. అన్నట్లు, డబ్బా మీది మైనస్ 50 ఫారెన్‌హీట్ సాధారణంగా గొట్టాలు పగలకుండా కాచే హద్దే. మందు అంతకు చాలా ముందే చిక్కబడుతుంది.

వాడు కారుకు పోయగా మిగిలిన డబ్బా తెచ్చాడు. "గడ్డకట్టకపోతే చాలు కదా మామయ్యా, ఏదైతేనేం?"

ఏదైతేనేం అనడానికి వీలులేదని నా వాదం. వసంతంలో ఇంజను తిప్పగానే ఆ మందంతా సరస్సులోకే పోతుంది. కార్లలో పోసేది సాధారణంగా ఇథిలీన్ గ్లైకాల్. తియ్యగా ఉంటుంది, అదే దాని దుర్గుణం. కుక్క నాకితే మూత్రపిండాలు చెడి చస్తుంది. పడవలకు అమ్మే గులాబీరంగుది ప్రొపిలీన్ గ్లైకాల్. ఆహారంలోనూ ఔషధాలలోనూ వాడే పదార్థమే. రంగును మాత్రం నమ్మరాదు, పేరు చదవాలి. అదీ అమృతం కాదు. నీటిలో కుళ్లేటప్పుడు చేపల ప్రాణవాయువును హరిస్తుంది. బకెట్టులో పట్టుకోవడమే మర్యాద. వాడు సణుగుతూనే వెళ్లి గులాబీ డబ్బాలు కొనుక్కొచ్చాడు.

ఇంత ఉపన్యసించి ఇల్లు చేరాక నా గొప్ప బయటపడింది. మన ఎండల్లో కూలెంటు పని చలిని ఆపడం కాదు, నీటిని త్వరగా మరగనీయక, తుప్పును రానీయకపోవడం. తుప్పును ఆపే రసాయనాలు తగినన్ని లేని ఆ గులాబీ మందు కారుకు పనికిరాదు; ఇక్కడ సాధారణంగా వాడేది ఆ విషాన్నే. నా కారు రేడియేటరు నుండి దింపిన ఆకుపచ్చ నీరు షెడ్డు ముందరి మురుగుకాలువలోకి జారుతుంటే, ఏళ్ల తరబడి పక్కనే నిలబడి టీ తాగినవాడిని నేనే. ఆ కాలువ ఏ చెరువు దారి పట్టిందో ఒక్కనాడూ అడగలేదు. షెడ్డు కుక్క అక్కడే పడుకునేది.

ఇప్పుడు బకెట్టు నేనే తీసుకుపోతున్నాను. మెకానిక్ నవ్వుతాడు, నవ్వనీ. పట్టుకొన్న దానిని ఎవరికి అప్పగించాలో చెప్పేవారు మాత్రం నాకింకా దొరకలేదు. రెండు డబ్బాలు మూతలు బిగించుకొని మా మెట్ల కింద, తాళం వెనుక కూర్చున్నాయి.