రెండు గోల్స్ డిఫెండర్

ఫుట్‌బాల్ మ్యాచ్ అయిన మర్నాడు పేపర్లో డిఫెండర్ పేరు కనబడిందంటే, సాధారణంగా అతనేదో తప్పు చేసి ఉంటాడు. సెల్ఫ్ గోల్ వేసుకునో, ఎదుటివాళ్లకు పెనాల్టీ ఇప్పించో, రెడ్ కార్డు తెచ్చుకునో ఉంటాడు. తొంభై నిమిషాలూ తన వైపు ఏమీ జరగకుండా చూసుకున్నవాడి గురించి రిపోర్టర్ మాత్రం ఏం రాస్తాడు, పాపం! లిలియాన్ థురామ్‌దీ ఆ బాపతే. ఫ్రాన్స్ తరఫున 142 మ్యాచ్‌లు ఆడాడు. 2022 ప్రపంచకప్‌లో గోల్‌కీపర్ లోరిస్ దాటేదాకా అదే ఆ దేశపు రికార్డు. ఇన్ని మ్యాచ్‌లలో కొట్టినవి రెండే గోల్స్, అవీ ఒకే రాత్రి. ఆ రాత్రి వల్లే లోకానికి గుర్తుండిపోయాడు. ఆ రాత్రి వల్లే ఆయన అసలు పనితనం మరుగున పడిందని కూడా నా అభిప్రాయం.

1998 జూలై 8న పారిస్ పక్కనున్న సేన్‌డెనీలో క్రొయేషియాతో ప్రపంచకప్ సెమీఫైనల్. రెండో సగం మొదలైందో లేదో, క్రొయేషియా ఆటగాడు సుకెర్ గోల్ కొట్టేశాడు. తప్పు థురామ్‌దే. తోటి డిఫెండర్లతో పాటు ముందుకు జరగకుండా వెనక ఉండిపోయాడు. అందుకే సుకెర్ ఆఫ్‌సైడ్ కాలేదు. ఆ టోర్నీ మొత్తంలో, ఏడు మ్యాచ్‌లలో, ఫ్రాన్స్‌కు పడ్డవి రెండే గోల్స్. ఒకటి డెన్మార్క్ పెనాల్టీ. రెండోది ఇదే.

తర్వాత జరిగింది చూడండి. ఆట మళ్లీ మొదలవగానే క్రొయేషియా కెప్టెన్ బోబన్ తమ పెనాల్టీ బాక్సు ముందర బంతి పెట్టుకుని కాస్త తాత్సారం చేశాడు. రైట్ బ్యాక్‌కు అక్కడ పనేమీ లేదు. అయినా థురామ్ మీదికెళ్లి అతని కాళ్ల దగ్గర బంతి లాగేసుకున్నాడు. సహచరుడు జోర్కెఫ్‌కిచ్చి, తిరిగి పుచ్చుకుని, గోల్లోకి కొట్టాడు. 70వ నిమిషంలో బాక్సు అంచు నుంచి ఎడమకాలితో ఇంకొకటి. అప్పుడు మోకాళ్ల మీద కూర్చుని, పెదవుల మీద వేలు పెట్టుకుని, ఇదెలా జరిగిందబ్బా అన్నట్టు ఆలోచనలో పడ్డ ఆ ఫొటో ఇప్పటికీ తిరుగుతూనే ఉంటుంది.

అద్భుతం అంటారంతా. రెండో గోల్ విషయంలో ఒప్పుకుంటాను. మొదటిది మాత్రం అద్భుతం కాదు, డిఫెండర్ రోజువారీ పని. ఎదుటివాడు అరక్షణం ఏమరడం పసిగట్టి బంతి గుంజుకోవడం ఆయన ప్రతి మ్యాచ్‌లోనూ చేసిందే. ఆ రోజు మైదానం అవతలి కొసన చేశాడు కాబట్టి స్కోరుబోర్డుకెక్కింది, అంతే.

నిజానికి రైట్ బ్యాక్ స్థానం ఆయన కోరుకున్నది కాదు. మధ్యలో ఆడటమే ఇష్టం. కానీ కోచ్ ఎమే జాకే దగ్గర మధ్యలో బ్లాన్, దెసాయీ ఉన్నారు. ఎడమవైపు లిజరాజు. (పేరు మన గోదావరి జిల్లాల పేరులా వినిపిస్తుంది గానీ ఆయన బాస్క్ ప్రాంతంవాడు.) ఆ నలుగురూ కలిసి బరిలోకి దిగిన ఏ మ్యాచ్‌లోనూ ఫ్రాన్స్ ఓడలేదు. క్లబ్బుల్లో మాత్రం ఇష్టమైన ఆటే ఎక్కువ ఆడాడు. మొనాకోలో కోచ్ వెంగర్ చేతికింద ఎదిగి, 1996లో పార్మా వెళ్లాడు. వెనక గోల్లో బఫన్, పక్కన కానవారో. అలాంటి కాపలా ఉండగా 1999లో యుఎఫా కప్ గెలిచారంటే ఆశ్చర్యమేముంది? గోల్ ఆపినవాణ్ణి, కొట్టినవాడితో సమానంగా చూసే దేశం ఇటలీ. అక్కడే, పార్మాలోనూ యువెంటస్‌లోనూ, పదేళ్లు ఆడాడు.

పుట్టింది కరీబియన్ దీవి గ్వాడెలోప్‌లో, 1972లో. అయిదుగురు పిల్లల తల్లి ఒంటరిగా ఫ్రాన్స్‌కు వచ్చి ఇళ్లు శుభ్రం చేసే పని చేసుకుంటూ వాళ్లను తెచ్చుకుంది. అప్పటికి ఈయనకు తొమ్మిదేళ్లు. టీవీ కార్టూన్‌లోని నల్లావు పేరు పెట్టి బళ్లో పిల్లలు వెక్కిరించారు. తాను నల్లవాణ్ణని తెలిసింది అప్పుడేనని చాలాసార్లు చెప్పాడు. 1998 ప్రపంచకప్ విజయంతో ఫ్రాన్స్‌లో రంగుభేదాలు మాయమయ్యాయని పత్రికలు మురిసిపోయాయి. నాలుగేళ్లు తిరక్కుండానే, ఈ జట్టులోని ఆటగాళ్ల పుట్టుకను ఎద్దేవా చేసిన తీవ్ర జాతీయవాద నేత లెపెన్ అధ్యక్ష ఎన్నికల్లో రెండో రౌండు దాకా వచ్చాడు. 2006 సెప్టెంబరులో, కషాన్‌లోని భవనం నుంచి పోలీసులు ఖాళీ చేయించిన వలస కుటుంబాలను థురామ్, జట్టు సహచరుడు వియెరా టికెట్లు కొనిచ్చి మరీ ఇటలీతో మ్యాచ్‌కు పిలిచారు. పాలకపక్షం వాళ్లు మండిపడ్డారు.

2008లో పారిస్ సేన్‌జెర్మేన్‌కు సంతకం చేయబోతే వైద్యపరీక్షల్లో గుండెలో లోపం బయటపడింది. ఆయన సోదరుణ్ణి బలిగొన్నదీ అదే. ముప్ఫై ఆరేళ్లకు ఆట ఆగిపోయింది. అదే ఏడు జాత్యహంకారం మీద పిల్లలకు చదువు చెప్పే ఫౌండేషన్ పెట్టాడు. 2011లో పారిస్ క్వై బ్రాన్లీ మ్యూజియంలో, వలస దేశాల మనుషుల్ని ఐరోపా జంతువుల్లా ప్రదర్శించిన చరిత్ర మీద ఎగ్జిబిషన్ నడిపాడు. 1931లో అలా పారిస్‌కు తెచ్చి చూపించిన పసిఫిక్ దీవుల కనక్ జాతివాళ్లలో ఒకడు కరెంబూ ముత్తాత. ఆ మునిమనవడే 1998 ఫైనల్లో థురామ్‌తో కలిసి ఆడాడు.

ఆయన చేసినదంతా నాకు నచ్చిందని కాదు. 2010 ప్రపంచకప్‌లో ఫ్రాన్స్ ఆటగాళ్లు ప్రాక్టీసు బహిష్కరించినప్పుడు, ఫెడరేషన్ సభ్యుడిగా ఉన్న థురామ్ కెప్టెన్ ఎవ్రాను ఇక ఎన్నడూ జట్టులోకి తీసుకోవద్దన్నాడు. అది మరీ ఎక్కువ. కళ్లజోడూ టోపీ పెట్టుకున్నంత మాత్రాన మాల్కం ఎక్స్ అయిపోరని ఎవ్రా తర్వాత ఎత్తిపొడిచాడు. అదీ ఎక్కువే. కాకపోతే తన అభిమానులకు నచ్చే మాటలే మాట్లాడి పబ్బం గడుపుకునే రకం కాదీయన. మాజీ ఆటగాళ్లలో ఇది అరుదు.

కొడుకులిద్దరూ ఇటలీలోనే పుట్టారు. పెద్దవాడు మార్కస్ ఇంటర్ మిలాన్‌లో ఫార్వర్డ్, చిన్నవాడు కెఫ్రెన్ యువెంటస్‌లో మిడ్‌ఫీల్డర్. 2025 సెప్టెంబరులో ఆ రెండు జట్లూ తలపడ్డాయి. యువెంటస్ 4-3తో గెలిచింది. అన్నా తమ్ముడూ చెరో గోల్ వేశారు. పేపర్లన్నీ ఆ గోల్స్ గురించే రాశాయి. నాకైతే కెఫ్రెన్ గోల్ కొట్టేటప్పటి కంటే, మైదానం నడిమధ్య బంతి గుంజుకునేటప్పుడే ఎక్కువ నచ్చుతాడు.