మారువేషం ఫైళ్లొస్తున్నాయి, జాగ్రత్త!

హీరోగారు బుగ్గమీద పుట్టుమచ్చ అతికించుకుని వస్తే విలన్ పోల్చుకోలేడు. చూసి మనం నవ్వుకుంటాం. అదే వేషం కంప్యూటర్లోకొస్తే మనమూ పోల్చుకోలేం సుమండీ!

విండోస్ మామూలుగా ఫైలు పేరు చివరి తోకను దాచేస్తుంది. దాంతో 'సినిమా.ఎంపీ4.ఈఎక్స్ఈ' కాస్తా 'సినిమా.ఎంపీ4'లా కనిపిస్తుంది. నొక్కారో, ఆడేది బొమ్మ కాదు, ప్రోగ్రాము! మీ పాస్‌వర్డులు, ఇంటిల్లిపాదీ ఫొటోలు దాని చేతిలో పడొచ్చు. అందుకని 'వ్యూ' మెనూలో ఆ తోకలు కనిపించేలా పెట్టుకోండి. రెండున్నర గంటల చిత్రం రెండు ఎంబీల్లో ఇమడదు. "ఇది ఆడాలంటే ఫలానా కోడెక్ దించుకోండి" అంటే అస్సలు నమ్మొద్దు.

పెన్‌డ్రైవులో వేసుకు తిరిగే ప్లేయరైనా సరే, తయారుచేసినవాళ్ల సైటు నుంచే తెచ్చుకోండి. వీఎల్‌సీ అక్కడ ఉచితమే. పాత ప్రతినే పట్టుకుని కూర్చోకండి. సబ్‌టైటిల్ ఫైలుతోనే వీఎల్‌సీ, కోడి వంటి ప్లేయర్లలోంచి కంప్యూటర్లోకి చొరబడొచ్చని 2017లో చెక్ పాయింట్ పరిశోధకులు చూపించారు. తయారీదారులు ఆ కన్నం పూడ్చారు. కానీ పూడ్చింది కొత్త ప్రతిలో, మీ పాతదాంట్లో కాదు!

టిక్కెట్టు కొని హాల్లో చూసేవాళ్లకు ఈ బెడదే లేదనుకోండి!