ప్రశ్నించువాని బాధ్యత

పెద్ద పత్రికలు చెప్పక విడిచిన మాటను చెప్పుటకై చిన్న పత్రికలు పుట్టుచుండును. వాని ఆయువు తరచుగా స్వల్పము. కాని వానిలో అక్షరములు దిద్దుకొన్నవారు తరువాత ఏ రంగమున ప్రవేశించినను, ప్రశ్నించు అలవాటును విడువజాలరు. అమెరికా చలనచిత్రకారుడు మైకేల్ మూర్ జీవితము ఇందుకు నిదర్శనము.

మూర్ 1954లో మిషిగన్ రాష్ట్రమునందలి ఫ్లింట్ నగరమున జన్మించెను. జనరల్ మోటార్స్ వారి కార్ల పరిశ్రమపై బ్రతికిన ఊరది. అతని తండ్రియు ఆ సంస్థలో కార్మికుడే. 22 ఏండ్ల ప్రాయమున మూర్ 'ఫ్లింట్ వాయిస్' అను ప్రత్యామ్నాయ పత్రికను స్థాపించెను. గాయకుడు హ్యారీ చాపిన్ దాని సహాయార్థము కచేరీలు చేసెను. 1980లో, నగరపాలకుని గూర్చిన సమాచారము ఎవరి ద్వారా పొక్కెనో కనుగొనుటకై, పోలీసులు ఆ పత్రిక అచ్చగు ముద్రణాలయమును సోదా చేసిరి. పత్రికలవారిపై ఇట్టి సోదాలను పరిమితము చేయు చట్టమును అమెరికా కాంగ్రెసు ఆ యేడే చేసెను.

1986లో మూర్ శాన్‌ఫ్రాన్సిస్కోలోని 'మదర్ జోన్స్' పత్రికకు సంపాదకుడై వెళ్ళెను. కొలది మాసములకే ఆ పదవి పోయెను. వ్యాజ్యము రాజీపడగా లభించిన సొమ్ము అతని తొలి చిత్రమునకు పెట్టుబడిలో ఒక భాగమయ్యెను.

ఆ చిత్రము 1989 నాటి 'రోజర్ అండ్ మీ.' కర్మాగారములు మూతపడి వేలకొలది కార్మికులు పని కోల్పోయిన ఫ్లింట్ దైన్యమును స్వయముగా చూడ రమ్మని, సంస్థ అధ్యక్షుడు రోజర్ స్మిత్‌ను మూర్ కెమెరాతో వెంబడించుటయే అందలి ఇతివృత్తము. ఊరి విలేకరి అడుగవలసిన ప్రశ్నను వెండితెర అడిగెను. పిదప 'బౌలింగ్ ఫర్ కొలంబైన్' చిత్రమునకు 2003లో ఆస్కారును, 'ఫారెన్‌హీట్ 9/11' చిత్రమునకు 2004లో కాన్ ఉత్సవపు అత్యున్నత బహుమతియు లభించినవి.

అయినను తొలి చిత్రముపై వచ్చిన ఒక విమర్శను మరువరాదు. 1980లో రీగన్ ఎన్నికల అభ్యర్థిగా ఫ్లింట్‌కు వచ్చుట, 1984లో అచట 'ఆటోవరల్డ్' వినోదశాల తెరచుట వంటి ఘటనలు, 1986 నాటి మూసివేతలకు తరువాత జరిగినట్లు ప్రేక్షకునకు తోచును. తాను చూపినది ఒక దశాబ్దమున ఆ ఊరికి పట్టిన గతి యని మూర్ సమాధానము. ఆ గతి యథార్థమే. అందుచేతనే ఈ లోపము మరింత విచారకరము. ఫ్లింట్ దుఃఖమును పెంచి చెప్ప నక్కరలేదు. ఉన్నది ఉన్న వరుసలో చెప్పిన చాలియుండెడిది. వరుస మారుటచే, కార్మికుల ఉపాధిని గూర్చి జరుగవలసిన చర్చ కొంత తేదీలను గూర్చిన చర్చగా మారెను.

బడులలో గోడపత్రికలు నడుపు విద్యార్థులకును, వానిని దిద్దు ఉపాధ్యాయులకును ఈ చరిత్రమున రెండు పాఠములు కలవు. తన ఊరి కష్టమును గూర్చి ఎంతటివానినైనను నిలదీయుట మొదటిది. ప్రతి వార్త క్రింద సరియైన తేదీ వేయుట రెండవది. ఈ రెండవది లోపించినచో, జవాబు చెప్పవలసినవాడు ఆ సందుననే జారిపోవును.