మాత్ర వేసుకుని పస్తుండకండి

కార్తీకమాసం దగ్గరపడింది. సోమవారాలు, నాగుల చవితి, ఏకాదశి, పౌర్ణమి అని ఒక్క నెలలోనే ఎన్నో ఉపవాసాలు వస్తాయి. ఆ వెనకే అయ్యప్ప మాలలు, ముక్కోటి, శివరాత్రి, రంజాన్ రోజాలు, ఈస్టర్‌కు ముందు నలభై రోజుల ఉపవాస దినాలు ఉన్నాయి. అవి మొదలయ్యేలోపే చెప్పాల్సిన మాట ఇది. షుగర్‌కు మందు వాడుతున్నవాళ్ళు ఎవరైనా సరే, డాక్టరును అడగకుండా ఉపవాసం పట్టకండి. మాత్ర వేసుకుని తిండి మానేయడం ప్రాణాల మీదికి తెస్తుంది. తిండితో పాటు మాత్ర కూడా మానేస్తే సరిపోతుందనుకోవడం మరో రకంగా అంతే ప్రమాదం.

2023లో వెలువడిన ఐసీఎంఆర్-ఇండియాబ్ అధ్యయనం మన దేశంలో 10.1 కోట్ల మందికి మధుమేహం ఉందని లెక్కగట్టింది. వీళ్ళలో ఎక్కువమంది నడివయసు దాటినవాళ్ళు. ఇళ్ళలో ఉపవాసాలు నిష్ఠగా ఉండేది కూడా ఆ వయసువాళ్ళే. అందుకే ఈ హెచ్చరిక మన ప్రతి వీధికీ వర్తిస్తుంది.

కార్తీక సోమవారం ఎలా గడుస్తుందో ఒకసారి చూడండి. ఆమెకు అరవై దాటాయి. తెల్లవారుజామునే లేచి తలస్నానం చేసి, దీపం పెట్టి, గుడికి వెళ్ళి వస్తుంది. మందు ఒక్కరోజు కూడా తప్పకూడదని డాక్టరు చెప్పిన మాట గుర్తుంది కాబట్టి పొద్దున్నే మాత్ర వేసుకుంటుంది. మనదేశంలో ఎక్కువగా వాడే షుగర్ మాత్రల్లో గ్లిమిపిరైడ్ ఒకటి. అది మనిషి తిన్నాడా లేదా అని చూడదు, క్లోమగ్రంథి చేత ఇన్సులిన్ విడుదల చేయిస్తూనే ఉంటుంది. దాని ప్రభావం దాదాపు ఒక రోజంతా ఉంటుంది. మూత్రపిండాలు కాస్త బలహీనపడ్డ వృద్ధుల్లో ఇంకా ఎక్కువసేపు ఉంటుంది. మధ్యాహ్నానికి చెమటలు పడతాయి, చేతులు వణుకుతాయి, గుండె దడదడలాడుతుంది. ఇంట్లో వాళ్ళు పొద్దుటి నుంచీ ఏమీ తినలేదు కదా, నీరసం అనుకుంటారు. కాసేపు పడుకోమంటారు. అన్నిటికంటే ప్రమాదం ఆ పడుకోవడంలోనే ఉంది. నిద్రపోతోందని అందరూ అనుకుంటుండగానే ఆమె స్పృహ తప్పవచ్చు, ఫిట్స్ రావచ్చు. ఎక్కువసేపు అలాగే ఉంటే మెదడు దెబ్బతింటుంది, ప్రాణం కూడా పోవచ్చు.

చాలా ఇళ్ళలో తెలియని సంగతి మరొకటి ఉంది. రక్తంలో చక్కెర పడిపోయినప్పుడు ముందు దెబ్బతినేది మెదడే. మాట తడబడుతుంది, చిరాకు పెరుగుతుంది, ఎన్నడూ లేని మొండితనం వస్తుంది. పంచదార నీళ్ళు తాగమంటే ‘నక్షత్రాలు చూశాకే’ అంటుంది ఆవిడ. తెల్లవారుజామున సహరీలో తిన్నది చాలు, పొద్దుగూకి మగ్‌రిబ్ అయ్యేదాకా ఆగుతానంటాడు రోజా ఉన్న ఆయన. అది వాళ్ళ భక్తి అనుకుని మనం వెనక్కి తగ్గుతాం. నిజానికి ఆ నిరాకరణే జబ్బు లక్షణం కావచ్చు. షుగర్ పడిపోయిన మనిషి తన గురించి తాను సరిగ్గా నిర్ణయించుకునే స్థితిలో ఉండదు. ఆ నిమిషంలో ఆమె అనుమతి కోసం ఎదురుచూడకండి. మెలకువగా ఉండి మింగగలుగుతుంటే బతిమాలో, కోప్పడో తీపి తాగించండి. వ్రతభంగం పాపమేదైనా ఉంటే నేను మోస్తానని చెప్పే కొడుకో కూతురో ఆ ఇంట్లో ఉండాలి.

గుండెకూ బీపీకీ బీటా బ్లాకర్ మాత్రలు వాడేవాళ్ళలో దడ, వణుకు పైకి కనిపించకపోవచ్చు. చెమట మాత్రం పడుతుంది. చల్లటి కార్తీక మాసంలో ఒళ్ళంతా చెమట పడితే వెంటనే గ్లూకోమీటర్ తీయాలి.

మీరు వాడే మాత్ర ఏమిటో ముందు తెలుసుకోండి. షుగర్ బిళ్ళ, తెల్లది, పొద్దున ఒకటి అని చెప్తే సరిపోదు. స్ట్రిప్ వెనక రాసి ఉన్న పేరు మీరైనా చదవండి, మనవడి చేతనైనా చదివించండి. మెట్‌ఫార్మిన్ ఒక్కటే ఉంటే షుగర్ ప్రమాదకరంగా పడిపోవడం అరుదు. గ్లిమిపిరైడ్, గ్లిక్లజైడ్, గ్లిపిజైడ్, గ్లిబెన్‌క్లమైడ్ వీటిలో ఏ ఒక్క పేరున్నా పస్తు ప్రమాదమే. మన మందుల షాపుల్లో రెండు మూడు మందులు కలిపిన మాత్రలే ఎక్కువ, కాబట్టి మొదటి పేరు చూసి ఆగిపోవద్దు. డాపాగ్లిఫ్లోజిన్, ఎంపాగ్లిఫ్లోజిన్ అనేవి వేరే రకం. ఇవి చక్కెరను మూత్రంలోంచి బయటికి పంపుతాయి, దాంతోపాటు నీరూ పోతుంది. ఇప్పుడు వీటి ధర తగ్గి చాలామంది చేతికి అందుతున్నాయి. నీళ్ళు కూడా ముట్టని ఉపవాసంలో వీటివల్ల ఒళ్ళు ఎండిపోతుంది, రక్తంలో కీటోన్లు చేరతాయి. అప్పుడు మీటరులో షుగర్ మామూలుగానే కనబడవచ్చు. వాంతులు, కడుపునొప్పి, ఎగశ్వాస మొదలైతే మీటరును నమ్ముకుని ఇంట్లో కూర్చోకూడదు. ఇక చిన్నతనం నుంచే సూదిమందు మీద బతికే టైప్-1 వాళ్ళు తిండి లేదు కదా అని ఇన్సులిన్ పూర్తిగా ఆపేస్తే ఒకటి రెండు రోజుల్లోనే పరిస్థితి విషమిస్తుంది.

ఇవి ఊహించి చెబుతున్న భయాలు కావు. 2001లో 13 దేశాల్లో 12 వేల మందికి పైగా మధుమేహులతో ఎపిడియార్ అనే అధ్యయనం జరిగింది. ఆసుపత్రిలో చేర్చాల్సినంతగా షుగర్ పడిపోవడం మిగతా నెలలతో పోలిస్తే రంజాన్ నెలలో టైప్-2 వాళ్ళలో 7.5 రెట్లు, టైప్-1 వాళ్ళలో 4.7 రెట్లు పెరిగిందని అది తేల్చింది. ఆ తర్వాతే రంజాన్‌కు ముందుగానే డాక్టరును కలవడం, మందు వేళలూ మోతాదూ మార్చుకోవడం, మధ్యలో షుగర్ 70 కంటే తగ్గినా 300 దాటినా రోజా విరమించడం వంటి మార్గదర్శకాలు గట్టిగా ప్రచారంలోకి వచ్చాయి. వేలికి సూది గుచ్చి రక్తం చూసుకుంటే రోజా భంగం కాదని ధర్మవేత్తలూ చెబుతున్నారు. కార్తీకానికీ, మాలకూ, ఉపవాస ప్రార్థనలకూ కూడా అదే జాగ్రత్త కావాలి. మాల వేసుకున్న స్వాములు పొద్దున మాత్ర వేసుకుని మధ్యాహ్నం భిక్ష దాకా ఏమీ తినకుండా ఉంటారు. అదే స్థితిలో చన్నీటి స్నానాలు, భజనలు, నడక. పాదాల్లో స్పర్శ తగ్గిన మధుమేహులు నలభై ఒక్క రోజులు చెప్పుల్లేకుండా తిరగడం గురించి కూడా డాక్టరును అడిగి తీరాలి.

అసలు ఏ ధర్మమూ జబ్బు మనిషిని పస్తుండమనలేదు. మన ఇళ్ళలో చదివే కార్తీక పురాణమే సోమవార వ్రతానికి ఆరు దారులు చూపించింది: ఉపవాసం, ఏకభుక్తం, నక్తం, అయాచితం, స్నానం, తిలదానం. ఎవరి శక్తిని బట్టి వాళ్ళు ఆచరించమంది. ఒంటిపూట తినే ఏకభుక్తం, రాత్రి మాత్రమే తినే నక్తం కూడా మాత్ర మోతాదు మార్చుకోవాల్సినవే. చివరి రెండింటికీ ఆకలితో పనే లేదు. ఆరు దారుల్లో కష్టమైన మొదటిదే అసలు వ్రతమనీ మిగతావి తక్కువనీ మనకు మనమే అనుకుంటున్నాం. మహాభారతం ఉద్యోగపర్వం వ్రతానికి భంగం కలిగించనివి ఎనిమిది చెప్పింది. వాటిలో నీళ్ళు, దుంపలు, పండ్లు, పాలు ఉన్నాయి, గురువు మాట ఉంది, ఔషధం ఉంది. మందూ పాలూ వ్రతాన్ని చెరచవని అంత పాత గ్రంథమే చెబుతుంటే, మందు వేళకు పాలు తాగినందుకు బాధపడే అమ్మలు మన మధ్య ఉన్నారు. ఈ మాట వాళ్ళ చెవిన పడాలి.

ఖురాన్ బఖరా సూరాలో ఉపవాసాన్ని విధించిన చోటే రోగికీ ప్రయాణికుడికీ సడలింపు ఉంది. తర్వాత ఆరోగ్యం కుదుటపడితే ఆ రోజులు పూర్తి చేసుకోవచ్చు. ఎప్పటికీ కుదరని స్థితిలో ఉన్నవాళ్ళు ఒక పేదవాడికి అన్నం పెట్టే ఫిద్యా ఉంది. కేథలిక్ చర్చి చట్టం ఉపవాస విధిని 18 ఏళ్ళు నిండినవాళ్ళ నుంచి 60వ ఏడు మొదలయ్యేవరకే పరిమితం చేసింది. మన ఊళ్ళలో డెబ్బై ఏళ్ళ అవ్వలు గుడ్ ఫ్రైడే రోజున పచ్చి మంచినీళ్ళు ముట్టకుండా ఉంటారు. చర్చి వాళ్ళ నుంచి అది కోరలేదని వాళ్ళకు ఎవరూ చెప్పలేదు.

ఎవరు చెప్పాలి మరి? డాక్టరు చెబితే వినని మనిషి కూడా పూజారి చెబితే వింటుంది. అందుకే ఆలయ అర్చకులనూ, కార్యనిర్వాహకులనూ, ఇమాములనూ, పాస్టర్లనూ, గురుస్వాములనూ చేతులెత్తి అడుగుతున్నాం. కార్తీకంలో మొదటి సోమవారానికి ముందే గుడి మైకులో ఒక నిమిషం ఈ సంగతి చెప్పండి. రంజాన్‌కు ముందు వచ్చే జుమా ఖుత్బాలో చెప్పండి. ఉపవాస ప్రార్థనలు ప్రకటించే ఆదివారమే, షుగర్ మందు వాడేవాళ్ళు తిని వచ్చి ప్రార్థనలో కూర్చోవచ్చని చెప్పండి. ప్రార్థిస్తే చాలు, ఇన్సులిన్ అక్కర్లేదని ఎవరైనా చెబుతుంటే అక్కడికక్కడే ఖండించండి. మీ నోట ఆ ఒక్క మాట వస్తే ఆసుపత్రి బోర్డులు చేయలేని పని జరుగుతుంది.

డాక్టర్లకూ ఒక విన్నపం. ఉపవాసం పేరెత్తగానే కసిరితే పేషెంటు ఉపవాసం మానదు, మీకు చెప్పడం మానేస్తుంది. ఇంట్లో పిల్లలు ‘ఈ వయసులో నీకెందుకమ్మా ఇవన్నీ’ అని విసుక్కున్నా అంతే. ముప్పై నలభై ఏళ్ళుగా తప్పని వ్రతం అది. పెళ్ళయిన కొత్తలో అత్తగారు నేర్పింది. దాన్ని ఎగతాళి చేస్తే ఆమె చాటుగా ఉపవాసం ఉంటుంది. చాటు ఉపవాసమే అన్నిటికంటే ప్రమాదకరం, ఎందుకంటే ఆమె కళ్ళు తిరిగి పడిపోయినప్పుడు పక్కవాళ్ళకు కారణం తోచదు. దసరా వెళ్ళగానే మీ గదికి వచ్చే ప్రతి షుగర్ పేషెంటునూ ‘కార్తీకంలో ఉపవాసాలుంటారా?’ అని మీరే అడగండి. షుగర్ అదుపులో ఉండి, మందు సరిపడితే, మోతాదు మార్చుకుని నియమం పాటించగలిగేవాళ్ళు చాలామంది ఉన్నారు. వాళ్ళకు ఎలా ఉండాలో చెప్పండి. కుదరదన్నవాళ్ళకు కారణం మెల్లగా వివరించండి.

గర్భిణులకూ, మూత్రపిండాల జబ్బు ఉన్నవాళ్ళకూ, ఈమధ్యే గుండెపోటు వచ్చినవాళ్ళకూ ఈ హెచ్చరిక ఇంకా ఎక్కువగా వర్తిస్తుంది. పిల్లల విషయంలో ఒక్క మాట చాలు. 2016లో హైదరాబాద్‌లో 13 ఏళ్ళ బాలిక 68 రోజుల ఉపవాసం తర్వాత చనిపోయింది. ఆ వయసు బిడ్డకు దీర్ఘోపవాసం వద్దని చెప్పడం పెద్దల బాధ్యత, బిడ్డ ఇష్టపడి ఉన్నా సరే.

ఇక ఉపవాసం విడిచే వేళ. పొద్దంతా ఖాళీగా ఉన్న కడుపులోకి ఒక్కసారిగా పులిహోర, చక్కెర పొంగలి, సగ్గుబియ్యం పాయసం, ఖర్జూరాలు, షర్బత్ పడితే షుగర్ అమాంతం పైకి లేస్తుంది. ప్రసాదం కళ్ళకద్దుకుని చెంచాడు తీసుకుంటే చాలు. తర్వాత మామూలు భోజనం చేయండి.

షుగర్ పడిపోయిందని అనుమానం వస్తే పరీక్ష చేసేందుకు మీటరు లేకపోయినా ఆగకండి. మూడు నాలుగు చెంచాల గ్లూకోజ్ పొడి గానీ పంచదార గానీ నీళ్ళలో కలిపి వెంటనే తాగించండి. మీ మాత్రలో వోగ్లిబోజ్ గానీ అకార్బోజ్ గానీ ఉంటే పంచదార త్వరగా పనిచేయదు, గ్లూకోజ్ పొడే కావాలి. అందుకే ఆ డబ్బా ఒకటి పూజ సామాన్లతో పాటే కొనిపెట్టుకోండి. నెయ్యి కలిసిన లడ్డూ ఆ సమయానికి అక్కరకు రాదు, కొవ్వు వల్ల చక్కెర నెమ్మదిగా ఒంటికి పడుతుంది. పావుగంటలో తేరుకోకపోతే మళ్ళీ అంతే ఇవ్వండి. స్పృహ లేకపోతే నోట్లో ఏమీ పోయకండి, తులసి తీర్థం కూడా వద్దు, అది ఊపిరితిత్తుల్లోకి పోతుంది. పక్కకు తిప్పి పడుకోబెట్టి 108కి ఫోన్ చేయండి. గ్లిమిపిరైడ్ వంటి మాత్ర వేసుకున్న మనిషి లేచి కూర్చుని బాగానే ఉన్నానని చెప్పినా ఆసుపత్రికి తీసుకెళ్ళండి, ఎందుకంటే మందు ఒంట్లో ఉన్నంతసేపూ షుగర్ మళ్ళీ పడిపోవచ్చు. డాక్టరు మోతాదు మార్చి సరేననేదాకా ఆ మనిషి చేత వచ్చే సోమవారం గానీ మర్నాటి రోజా గానీ పట్టించకండి.