పుట్టింటికి చేరని రిపోర్టు

ఐదో నెల టిఫా స్కాన్‌లో ‘బిడ్డ కిడ్నీలో నీరు చేరింది’ అన్న మాట పడితే ఇక ఆ ఇంట్లో ఎవరికీ నిద్ర ఉండదు. మా ముత్తుకూరు నుంచి నెల్లూరు 20 కిలోమీటర్లు అటూ ఇటూ. అక్కడితో ఆగక మర్నాడే చెన్నై రైలెక్కేవాళ్లూ ఉన్నారు. ఈలోగా గర్భిణి నీళ్లు సరిగా తాగలేదని ఒకరు, గ్రహణం నాడు బయటికొచ్చిందని ఇంకొకరు తప్పు వెతుకుతారు. రెండూ కారణాలు కావు. నూరు గర్భాల్లో ఒకటి నుంచి ఐదింటిలో బిడ్డ కిడ్నీకి ఈ వాపు కనిపిస్తుంది. అందులో సగానికి పైగా దానంతటదే తగ్గిపోతుంది.

నా బెంగ ఈ కంగారు గురించి కాదు, కాన్పయ్యాక వచ్చే నిశ్చింత గురించి. బిడ్డ ఏడ్చింది, పాలు తాగింది, ఉచ్చ పోసింది, ఇంకేం కావాలి? పోర్టులో, థర్మల్ కేంద్రంలో, రొయ్యల గుంటల మీద పనికి వచ్చి ఇక్కడ కాపురాలు పెట్టినవాళ్లు చాలామంది. నెల్లూరులో స్కాన్ తీయించుకున్న అమ్మాయి తొలి కాన్పుకు ఎక్కడో ఉన్న తల్లి దగ్గరికి పోతుంది. రిపోర్టు మాత్రం ఇక్కడే బీరువాలో ఉండిపోతుంది. కాన్పు చేసిన డాక్టరుకు వాపు సంగతే తెలియదు.

ఆ రిపోర్టులో చూడాల్సింది మిల్లీమీటర్ల అంకె. కిడ్నీలో మూత్రం చేరే తిత్తి ఏడో నెల లోపు 4, ఆ తర్వాత 7 మిల్లీమీటర్లు దాటితే వాపు కింద లెక్క. 15 దాటితే గట్టిగా కనిపెట్టి ఉండాలి. ఒక వైపేనా, రెండు వైపులా? ఉమ్మనీరు సరిపడా ఉందా? ఇవి అంకె కంటే ముఖ్యం. ఉమ్మనీరులో ఎక్కువ భాగం బిడ్డ పోసే మూత్రమే మరి.

రెండు కిడ్నీలూ ఉబ్బి, మూత్రాశయం గోడ మందమై, ఉమ్మనీరు తగ్గుతుంటే మూత్రం బయటికొచ్చే దారిలో అడ్డుపొర ఉందేమోనని అనుమానిస్తారు. అది మగబిడ్డలకు వచ్చే జబ్బు. స్కాన్ డాక్టరుకు ఇక్కడ ఇరకాటం, ఎందుకంటే ఆడో మగో చెప్పడానికి 1994 చట్టం ఒప్పుకోదు. ‘పిల్లల సర్జన్ ఉన్న ఆసుపత్రిలో కాన్పు పెట్టుకోండి’ అని చెబుతారు. ఆ మాట పాటిస్తే చాలు, గుచ్చి గుచ్చి అడగొద్దు. అలాంటి బిడ్డకు పుట్టిన ఒకటి రెండు రోజుల్లోనే స్కాన్ తీయాలి.

మిగతా పిల్లలకు అంత తొందర పనికిరాదు. తొలి రెండు రోజులు మూత్రం తక్కువగా తయారవుతుంది కాబట్టి, ఉన్న వాపు కూడా స్కాన్‌లో కనబడకపోవచ్చు. మూడో రోజు నుంచి వారం లోపు తీయాలి. పిల్లల కిడ్నీ వైద్యుల భారత సంఘం 2013లో సవరించిన మార్గదర్శకాలు చెప్పేదీ అదే. చిక్కేమిటంటే, మామూలు కాన్పయితే సరిగ్గా అప్పటికే ఇంటికి పంపేస్తారు. ఆపైన పురుడు, బాలింత గడప దాటకూడదన్న పట్టింపు. నాలుగు నుంచి ఆరు వారాల మధ్య తీయాల్సిన రెండో స్కాన్ ఇక ఎవరికి గుర్తుంటుంది? మొదటిది బాగున్నా రెండోది మానకూడదు.

దీనికి కొత్త పథకం అక్కర్లేదు. మాతా శిశు సంరక్షణ కార్డు గర్భిణితో పాటు పుట్టింటికి వెళ్తుంది. వాపు ఏ వైపు, ఎన్ని మిల్లీమీటర్లు, పుట్టాక ఎప్పుడెప్పుడు స్కాన్ అన్నది దాని అట్ట మీదే ఏఎన్ఎం ఎర్ర సిరాతో రాస్తే సరి. ఆరో వారం టీకాకు ఆశా కార్యకర్త ఇల్లిల్లూ తిరిగి పిలుస్తుంది కదా, స్కాన్ సంగతి కూడా ఆ నోటితోనే చెప్పవచ్చు.

వాపు పెరుగుతుంటే ఐసోటోపు పరీక్షతో ఒక్కో కిడ్నీ పని ఎంతో చూస్తారు. వాచిన కిడ్నీ వాటా 40 శాతం లోపున్నా, పరీక్ష పరీక్షకూ పడిపోతున్నా ఆపరేషన్ మాట వస్తుంది. కిడ్నీ నుంచి మూత్రం దిగే నాళంలో ఇరుకైన ముక్క కోసేసి, మిగతా నాళాన్ని మళ్లీ కిడ్నీకి కుట్టే పద్ధతి 1949 నాటిది, బాగా నిలదొక్కుకున్నది. చాలామంది పిల్లలకు ఆ అవసరమే రాదు.

వాపున్న పసిబిడ్డకు జలుబూ దగ్గూ లేకుండా జ్వరం వస్తే మాత్రం, అది మూత్రంలో ఇన్ఫెక్షన్ కావచ్చు కాబట్టి, చుక్కల మందు వేసి రెండు రోజులు చూద్దాం అనుకోవద్దు. ఆర్‌ఎంపీ దగ్గర సూది వేయించి ఊరుకోవద్దు. అదే రోజు పిల్లల డాక్టరు దగ్గరికి వెళ్లి, యాంటీబయాటిక్ పడకముందే మూత్రం కల్చర్‌కు ఇవ్వాలి. ముందే మందు పడితే క్రిమి దొరకకపోవచ్చు, ఏ మందు పని చేస్తుందో తేలదు.