‘పరిశీలించండి’ అంటే చాలదు
జహీరాబాద్ నిమ్జ్ (జాతీయ పెట్టుబడులు, తయారీ జోన్) భూసేకరణలో న్యాల్‌కల్, ఝరాసంగం మండలాల రైతు ఎవరైనా హైకోర్టుకెళ్లి, ‘వినతిపత్రాన్ని పరిశీలించండి’ అన్న ఉత్తర్వుతో తిరిగొస్తే దక్కేదేమిటి? 2006లో మన ఆర్టీసీ కేసులోనే సుప్రీంకోర్టు ఈ చిక్కు విప్పింది. హక్కు తేల్చకుండా పరిశీలించమంటే, కాదనే స్వేచ్ఛా అధికారికి ఉన్నట్టే. కాలం చెల్లిన కోరికకు అలాంటి ఉత్తర్వు మళ్లీ ప్రాణం పోయదని 2008లో, గనుల శాఖ మాజీ ఉద్యోగి కేసులో హెచ్చరించింది. ఆ జాగ్రత్త సబబే. మరి సకాలంలో వచ్చినవాడి మాటేమిటి? భూమి పోయే మనిషిని మళ్లీ అదే ఆఫీసు గుమ్మం ముందు నిలబెట్టడం అన్యాయం. ఏయే అంశాలు చూడాలో, ఎన్ని వారాల్లో కారణాలతో జవాబివ్వాలో హైకోర్టు ఆ ఉత్తర్వులోనే రాయాలి.